మొదటి ట్రే

“ఇవి ఓవెన్లోంచి వచ్చాయా, పులుసులోంచి ఏరావా?” అన్నారు మా ఆయన ట్రేలోకి తొంగి చూసి.

అరకిలో బెండకాయలు, రెండు బీట్‌రూట్లు, గుప్పెడు చిక్కుళ్ళు, ఒక కట్ట తోటకూర. అన్నీ తరిగి, ఉప్పూ కారం నూనే దట్టంగా పట్టించి, ఒకే ట్రేలో కుక్కి నలభై నిమిషాలు పెట్టాను. కరకరలాడతాయనుకున్నవి కాస్తా ఎర్రటి జిగురులో ఒకదాన్నొకటి పట్టుకుని కూర్చున్నాయి. మా ఆత్రేయ ఒక ముక్కని చెంచాతో ఎత్తాడు. జిగురు సాగింది. “ఛీ, చీమిడి!” అన్నాడు. వాడికి తొమ్మిదేళ్ళు. వాడి నోట్లోంచి ఏది ఊడిపడినా వెంటనే అందుకునే చెల్లెలు సుప్రజకి అయిదు. అది టేబుల్ చుట్టూ గెంతుతూ చీమిడి పాట కట్టింది. మా అత్తయ్య వేదవతమ్మగారు కుర్చీలోంచి లేచారు. ఫ్రిజ్‌లోంచి పెరుగు తీసి, పొద్దుటి బంగాళాదుంప వేపుడు గిన్నె మూత తీసి, “రా నాన్నా, నేను కలిపి పెడతా” అని మనవణ్ణి పిలిచారు. ఆవిడ ఏమైనా అంటే భరించగలను. ఆ పెరుగు గిన్నెనే భరించలేను.

ఆరు వారాల గడువులో మొదటి రోజు అలా గడిచింది.

ఆ గడువేమిటో చెప్పాలి. అంతకుముందు రోజు మెట్టుగూడలో పిల్లల డాక్టరమ్మ ఆత్రేయ కింది కనురెప్ప లాగి చూసి, రక్తపరీక్ష కాయితం నా వైపు తోసింది. హిమోగ్లోబిన్ ఎనిమిది పాయింట్ ఒకటి, పన్నెండైనా ఉండాల్సింది. “ఏం తింటాడమ్మా?” అంది. బంగాళాదుంప వేపుడు, పెరుగన్నం, బిస్కెట్లు, నానమ్మ సాసర్లో పోసిచ్చే టీ. చెబుతుంటే నాకే సిగ్గేసింది. ఆవిడ టీ మాన్పించమంది, ఐరన్ టానిక్ రాసింది, ఆకుకూరలూ కూరగాయలూ నిమ్మరసం పిండి పెట్టమంది. “కూరలా పెడితే ఏ పిల్లాడూ తినడు. ఓవెన్ ఉందా? చిప్స్‌లా కరకరలాడేట్టు చేసి పెట్టండి. వాళ్ళకి రుచి కంటే ఆ చప్పుడు ముఖ్యం. ఆరు వారాల తర్వాత మళ్ళీ పరీక్ష చేద్దాం” అంది. చెప్పిందంతా నా మొహం చూసే చెప్పింది. పక్క కుర్చీలో కూర్చున్న మా ఆయన వెంకటసుబ్బారావుగారు ఫోన్లో ఏదో చూసుకుంటున్నారు. కంచంలో కరివేపాకు దగ్గర్నుంచి టమాటా తొక్క దాకా ఏరి అంచున పేర్చే అలవాటు పిల్లాడికి ఎవరి దగ్గర్నుంచి వచ్చిందో డాక్టరమ్మ అడగలేదు. నేనూ చెప్పలేదు.

ఇల్లు చేరి చెప్పులు విప్పుతూనే ఆయన అన్నారు, “ఇదిగో విజయా, వచ్చే పరీక్షలో పది దాటాలి. దాటకపోతే ఆ థీసిస్ గీసిస్ అటక మీద పెట్టేసెయ్. పిల్లాడి ప్రాణం కంటే ఎక్కువేం కాదు.” అత్తయ్య ఊఁ కొట్టారు. “వాడి ఒంట్లో చుక్క రక్తం లేదు, తల్లికేమో డాక్టరేటు” అన్నారు, గోడ మీద క్యాలెండర్‌తో చెబుతున్నట్టు. నేను సరేనన్నాను. అదీ నా తెలివి! పిల్లాడి రక్తానికీ నా థీసిస్‌కీ ముడి ఏమిటని అడగాలి కదా. అడగలేదు. పాలిపోయిన వాడి చేతిగోళ్ళు కళ్ళ ముందు ఆడుతుంటే, నిజంగానే ఇదంతా నేను చేసిన పాపమేమోనని భయపడి, ఆ పందేనికి తలూపాను.

నా థీసిస్ సంగతి మా ఇంట్లో ఎవరికీ పూర్తిగా తెలీదు. నల్గొండ వైపు ఊళ్ళ బోరునీళ్ళల్లో ఫ్లోరైడ్ ఉంటుంది. తాగీ తాగీ మనుషుల ఎముకలు వంకర పోతాయి. వేరుశనగ పొట్టు కాల్చి చేసిన బొగ్గు ఆ ఫ్లోరైడ్‌ని ఎంత పీల్చుకుంటుందో చూడటం నా పని. ఎనిమిదేళ్ళ కిందట రిజిస్టర్ చేయించుకున్నాను. మధ్యలో ఒక కాన్పు, మామయ్యగారి పక్షవాతం, ఆయన పోయాక అత్తయ్య కంటి ఆపరేషన్. యూనివర్సిటీ వాళ్ళు ఆఖరి గడువు ఇచ్చారు, నవంబర్ ముప్ఫై. మిగిలిన పని ఎంత? ల్యాబ్ ఫ్రిజ్‌లో ఏడు సీసాల నీళ్ళు. వాటి రీడింగులు తీసి చివరి అధ్యాయంలో పెడితే అయిపోతుంది. ఆ సీసాలు మా డిపార్ట్‌మెంట్ అటెండర్ సమ్మక్క వాళ్ళ ఊరివి. సెలవులకి వెళ్ళినప్పుడల్లా బస్సులో ఒళ్ళో పెట్టుకుని మోసుకొచ్చేది. ఆమె అక్క మోకాళ్ళు మడవలేక గోడ పట్టుకుని నడుస్తుంది. “మా ఊరి నీళ్ళ సంగతి ఎప్పుడు తేలుస్తవు మేడం?” అని నెలకోసారైనా అడిగేది.

అంతలో తెలంగాణ కోసం సకల జనుల సమ్మె వచ్చిపడింది. ఆఫీసులు, బళ్ళు, బస్సులు, అన్నీ బంద్. కాంపస్‌లో స్టాఫ్ అంతా సమ్మెలో ఉన్నారు, గేటు దగ్గర పోలీసు వ్యాన్లు. ల్యాబ్ తాళం సమ్మక్క దగ్గర, సమ్మక్క సమ్మె టెంటులో. పిల్లలకి బడి లేదు. నాకు ల్యాబ్ లేదు. బ్యాంకులు తెరిచే ఉన్నాయి కాబట్టి మా ఆయనకి ఉద్యోగం ఉంది. బొగ్గుగనులు ఆగిపోయి రోజుకి నాలుగు గంటలు కరెంటు పోయేది, అదీ చెప్పిన వేళకి కాదు. ఫ్రిజ్‌లో నా ఏడు సీసాలు ఎలా ఉన్నాయో, వేడెక్కి పాడయ్యాయేమోనని పొద్దున్నే లేవగానే గుండె దడదడలాడేది. ఆ వెంటనే ఇంకో దడ, వీడు ఇవాళ ఏమైనా తింటాడా అని.

వారంలో అయిదు సార్లు చేశాను, అయిదు సార్లూ చెడగొట్టాను. చిక్కుళ్ళు ఉడికిపోయాయి. కాలీఫ్లవర్ పైన మాడి లోపల పచ్చిగా ఉంది. తోటకూర ముద్దయింది. ఒకసారి అన్నీ కుదిరేట్టున్నాయనుకునేసరికి పన్నెండో నిమిషంలో కరెంటు పోయింది. ఓవెన్ అద్దంలోంచి మెల్లమెల్లగా మెత్తబడుతున్న ముక్కల్ని చూస్తూ వంటగట్టు ముందు అరగంట నిలబడ్డాను, చూస్తూ ఉంటే కరెంటొస్తుందన్నట్టు. ఆత్రేయ ప్రతిసారీ ఒక ముక్క నోట్లో పెట్టుకుని, నా మొహం వంక చూసి, లేచి వెళ్ళి సింకులో ఉమ్మేవాడు. టానిక్ కూడా అక్కడే. అరవడానికి నోరు తెరిచి మూసుకునేదాన్ని. అరిస్తే వాడు మళ్ళీ నానమ్మ కొంగు చాటుకి పోతాడు, ఆ కొంగు వెనకాల సాసర్లో టీ ఉంటుంది.

“మా అబ్బాయి చిన్నప్పుడూ ఇంతే, ఏమీ తినేవాడు కాదు. పెరగలేదూ?” అనేవారు అత్తయ్య. పెరిగారు. నలభై మూడేళ్ళు వచ్చాయి. ఇప్పటికీ ఆయనకి విడిగా వేపుడు చెయ్యాలి.

రెండో వారంలో ఒకరోజు కూరగాయలకని సంచీ పట్టుకుని బయల్దేరాను. కొట్లన్నీ మూసి ఉన్నాయి. కాళ్ళు వాటంతటవే కాంపస్ దారి పట్టాయి, ల్యాబ్ గుమ్మమైనా చూసొద్దామని. తార్నాక చౌరస్తా దాటగానే రోడ్డు మధ్యలో మూడు పొయ్యిలు, పెద్ద పెద్ద గుండిగలు, పొగ. వంటావార్పు చేస్తున్నారు. రోడ్డు ఆపేసి అక్కడే వండి, వచ్చినవాళ్ళందరికీ పెట్టడం సమ్మెలో ఒక పద్ధతి. యూనివర్సిటీ ఆడవాళ్ళు ఒకవైపు బియ్యం కడుగుతున్నారు, ఇంకోవైపు మగవాళ్ళు ఉల్లిపాయలు తరుగుతున్నారు. మగవాళ్ళు, వరసగా, కళ్ళు తుడుచుకుంటూ! నేను పక్కనుంచి జారుకుందామనుకున్నాను. నోరు విప్పితే నా యాసతో నేనెక్కడిదాన్నో తెలిసిపోతుంది. ఎవరూ ఏమీ అనకపోయినా అంటారేమోనన్న బెరుకు ఆ రోజుల్లో కోస్తా నుంచి వచ్చిన మా ఇళ్ళల్లో అందరికీ ఉండేది.

“ఓ మేడం! గటు ఎటు పోతున్నవ్? గిట్ల రా!” సమ్మక్క. చేతిలో గరిటె, నడుముకి బిగించిన కొంగు. నా జబ్బ పట్టుకుని బంతిలోకి లాక్కుపోయింది. “ఏందట్ల చూస్తున్నవ్? కూసో. తిను.”

“ఇంట్లో పిల్లలున్నారు సమ్మక్కా. ఇంకా వాళ్ళు తినలేదు...”

“తింటరు తీ. వాళ్ళకు నాయినమ్మ ఉన్నది, నీకెవలున్నరు? ముందుగాల నువ్వు తిను, సల్లారిపోతది.”

విస్తట్లో అన్నం, దాని మీద పప్పు, పక్కన వంకాయ కూర. పొగలు కక్కుతోంది. మొదటి ముద్దకే నాలుక చుర్రుమంది. ఎందుకో కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. పొగ అనుకుంటుందిలే అని తుడుచుకోలేదు. అన్నం నాలుక కాలేంత వేడిగా తిని ఎన్నాళ్ళయిందో గుర్తు చేసుకోబోతే గుర్తు రాలేదు.

తింటూ తింటూ మొత్తం చెప్పేశాను. పరీక్ష, గడువు, పందెం, జిగురు. సమ్మక్క గరిటె ఊపుతూ నవ్వింది. “గట్ల కుప్ప పోస్తే ఉడుకుతయి గని ఎండుతయా? మన బొగ్గుపొడి పొయ్యిల ఎట్ల పెడ్తవ్? పల్చగ పరుస్తవ్. ఒక్క పలుకు మీద ఇంకోటి ఉంటె కసురుకుంటవ్ గద నన్ను. బొగ్గుకు పెట్టిన అకల్ బెండకాయకెందుకు పెట్టలే? ఉప్పు సుత ముందుగాల ఎయ్యకు. నీళ్ళిడుస్తది.”

ఎనిమిదేళ్ళుగా నేను చేస్తున్న పనే అది! తడి ఎలా పోతుంది, ఎంత పల్చగా పరవాలి, ఎంత వేడిలో ఎన్ని నిమిషాలు, తూకం ఎక్కడ నిలబడుతుంది. ల్యాబ్‌లో అన్నీ తెలిసిన దాన్ని, మా వంటింటి గడప దాటగానే ఆ తెలివంతా కొంగుకి తుడిచేసుకుని, ఎవరో చెబితే తప్ప ఉప్పు కూడా వెయ్యడం రానిదాన్నయిపోతాను. “నీ సీసలు ఏడికి పోవు. సమ్మె అయిపోంగనే మొదటి తాళం నీదే తీస్త” అంది సమ్మక్క, నా సంచీలో నాలుగు వంకాయలు పడేస్తూ.

ఇంటికొచ్చి పాత ల్యాబ్ నోటుబుక్కు తీశాను. గళ్ళు గీశాను. కూరగాయ, ముక్క మందం, వేడి, నిమిషాలు, చప్పుడు. బెండకాయల్ని కడిగి ఆరబెట్టి, ఒక్కొక్కటే పొడిగుడ్డతో తుడిచి నిలువునా చీల్చాను. బీట్‌రూట్‌ని కాగితమంత పల్చగా కోశాను. తోటకూర ఆకుల్ని, మునగాకుని చెంచాడు శనగపిండిలో దొర్లించాను. ఒక ముక్కకి ఇంకో ముక్క తగలకుండా ట్రేలో పరిచాను. ఒక ట్రేకి పట్టేది ఇంతే, గుప్పెడు. కాబట్టి మొదటి ట్రే తీసి వడ్డించి, రెండోది పెట్టాలి, అది తీసి మూడోది. ఉప్పు, మిరియాలపొడి, నిమ్మరసం తర్వాత, తినే ముందు. నాలుగో ప్రయత్నంలో ఓవెన్ టింగ్ మన్నాక తీసి ట్రేని కదిపితే ముక్కలు గలగలమన్నాయి.

ఆత్రేయ ఒకటి నోట్లో వేసుకున్నాడు. నేను వంటింట్లో గోడకి ఆనుకుని నిలబడి విన్నాను. కర్ర్. ఒక క్షణం ఏమీ లేదు. నా ఊపిరీ లేదు. మళ్ళీ కర్ర్. “నానమ్మా, ఇది విను!” అని వాడు అత్తయ్య చెవి దగ్గర నోరు పెట్టి నమిలాడు. సుప్రజ “నాకూ చప్పుడు, నాకూ చప్పుడు” అని ఏడుపు లంకించుకుంది. నోటుబుక్కులో ‘బెండ, పద్దెనిమిది నిమిషాలు’ గడిలో టిక్కు పెట్టాను.

ఆ తర్వాత రోజూ అదే పని. కరెంటు ఎప్పుడుంటుందో చూసుకుని ఆ వేళకి భోజనాలు మార్చాను. ఆ ముక్కలకి ఆయుష్షు అయిదు నిమిషాలు. అయిదు దాటితే తేమ పీల్చుకుని నీరసపడతాయి. అందుకని అందరూ కూర్చున్నాకే ట్రే తియ్యాలి. మా డైనింగ్ టేబుల్‌కి నాలుగే కుర్చీలు. అత్తయ్య, ఆయన, ఇద్దరు పిల్లలు. నేను ఓవెన్‌కీ టేబుల్‌కీ మధ్య తిరుగుతూ, రెండో ట్రే, మూడో ట్రే అందిస్తూ, వాళ్ళు లేచాక అడుగున మిగిలిన నాలుగు ముక్కలు చారన్నంలో నంచుకునేదాన్ని. అప్పటికవి చల్లారి, తోలులా సాగేవి. ఎలా ఉన్నాయో పిల్లల్ని అడిగి రాసుకునేదాన్ని. ఆత్రేయకి ఆ గళ్ళ పుస్తకం తెగ నచ్చింది. ఓవెన్ ముందు పీట వేసుకుని కూర్చుని, “అమ్మా, ఇంకో రెండు నిమిషాలుంచు, బీట్‌రూట్ ఇంకా ఏడుస్తోంది” అనేవాడు. ఉప్పు వాడే చల్లేవాడు. టానిక్ తాగితే ఒక ట్రే బోణీ వాడిదని ఒప్పందం పెట్టాను. తాగాడు. టీ సంగతి అత్తయ్యకి నేను చెప్పక్కర్లేకపోయింది. “టీ తాగితే రక్తం పెరగదు నానమ్మా, పెరక్కపోతే అమ్మ చదువు పోతుంది” అని వాడే చెప్పేశాడు. ఆ మాట విని నా ప్రాణం చివుక్కుమంది. తొమ్మిదేళ్ళవాడి నెత్తిన అది ఎవరు పెట్టారు?

మా ఆయన కూడా పళ్ళెం ముందుకి జరపడం మొదలుపెట్టారు. ఈయన బెండకాయ తినడం పెళ్ళైన పద్నాలుగేళ్ళలో నేను చూడలేదు. “పర్లేదే” అన్నారు ఒకరోజు. ఇంకోరోజు మాత్రం ఆఫీసు నుంచి వస్తూనే, “రోడ్డు మీద వాళ్ళతో కూర్చుని తిన్నావట? కింద ఫ్లాట్ వాళ్ళు చూశారట. మనమెవరమో గుర్తుందా నీకు?” అన్నారు.

“అన్నం తిన్నానండీ. ఆకలేసి” అన్నాను.

“ఇంట్లో అన్నం లేదా?”

ఉంది. నేనే వండాను. ఆ మాట పైకి అనకుండా ఆయనకి కంచం పెట్టాను.

నలభై రెండు రోజులకి సమ్మె ఆగింది. ఆ శనివారమే పరీక్ష. డాక్టరమ్మ గదిలో బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాను. కూర్చోమన్నా కూర్చోలేకపోయాను. పొద్దుట్నుంచి నాకు వినబడేవన్నీ పాయింట్లే. తొమ్మిది పాయింట్ తొమ్మిది అంటే ఏం చెయ్యాలి? ఆ ఒక్క పాయింటు కోసం కాళ్ళు పట్టుకుని బతిమాలతానా? ఆవిడ కాయితం తిప్పింది. పది పాయింట్ నాలుగు. “భేష్! ఎలా తినిపించారమ్మా?” అంది. ఆత్రేయ ట్రేలు, నిమిషాలు, శనగపిండి అంతా గుక్క తిప్పుకోకుండా చెప్పాడు. బయటికొచ్చి మందులషాపు పక్కన నిలబడి వెక్కి వెక్కి ఏడ్చాను. సిగ్గేం పడలేదు. సోమవారం కాంపస్‌కి వెళ్తాను, ఏడు సీసాలు, నాలుగు రోజుల పని, ఇరవై రోజుల్లో అధ్యాయం. దారంతా లెక్కలు కట్టుకుంటూనే వచ్చాను.

సాయంత్రం ఆయన ఆ కాయితం అత్తయ్యకి చదివి వినిపించారు. అత్తయ్య దణ్ణం పెట్టుకుని, “తల్లి ఇంటిపట్టున ఉంటే చాలు, పిల్లల ఒంట్లో రక్తం దానంతటదే పడుతుంది” అన్నారు.

“నేనూ అదే అనుకుంటున్నానమ్మా” అన్నారు ఆయన. నా వైపు తిరిగారు. గొంతు చాలా మెత్తగా ఉంది. “చూడు విజయా, ఈ నలభై రోజులూ నువ్వు ఇంట్లో ఉన్నావ్, వాడు తేరుకున్నాడు. సమ్మె పుణ్యమా అని మనకి విషయం తెలిసొచ్చింది. ఇప్పుడు మళ్ళీ కాంపస్ అంటే మళ్ళీ మొదటికొస్తుంది. పన్నెండు దాటనీ. అప్పుడు ఆలోచిద్దాం.”

“పది అన్నారు కదండీ.”

“పది దాటకపోతే మానెయ్యమన్నాను. దాటితే వెళ్ళమన్నానా?”

నవ్వుతున్నారు కూడా. ఆరు వారాలు! పల్చగా కోసి, ఒక్కొక్కటీ తుడిచి, కరెంటు కోసం గోడ గడియారానికి మొక్కుకుని, పిల్లాడి నోట్లో చప్పుడు కోసం ఊపిరి బిగబట్టి. ఓడితే మానెయ్యాలి. గెలిస్తే, గెలిచావు కాబట్టి మానెయ్యాలి. ఈ ఆటలో నా గెలుపుకి గడే గియ్యలేదు వీళ్ళు. గియ్యలేదని ఇన్నాళ్ళూ చూసుకోని నా మీద నాకే ఒళ్ళు మండిపోయింది. పిల్లాడు తేరుకున్నది నేను ఇంట్లో ఉన్నందుకా? ఇంట్లోనే ఉండి అయిదు సార్లు బురద చేశాను కదా! వాడు తేరుకున్నది నేను ల్యాబ్‌లో నేర్చుకున్న పనితో, సమ్మక్క ఇచ్చిన అకల్‌తో. అది అరిచి చెప్పాలనుకున్నాను. ఎప్పట్లాగే వంటింట్లోకి పోయి అంట్లు తోమాను.

ఆదివారం పొద్దున తొమ్మిదింటికి ఫోన్ మోగింది. “మేడం, సమ్మెల పోయిన దినాలకు ఆదివారం సుత పని చెయ్యమన్నరు. తాళం తీసిన. నీ సీసలు సల్లగనే ఉన్నయ్, ఏం కాలే. పన్నెండు గొట్టంగ రా. మూడింటికి మల్ల కరెంటు పోతదంట.”

“వస్తున్నా” అన్నాను. అన్నాక విన్నాను నా గొంతు.

ఆదివారం మా ఇంట్లో భోజనాలు పెందరాళే. ఆయన పేపర్లో ఉన్నారు, అత్తయ్య పిల్లలకి కథ చెబుతున్నారు. అన్నం, చారు, పెరుగు టేబుల్ మీద పెట్టాను. బెండకాయ, బీట్‌రూట్, తోటకూర రెండు ట్రేల్లో పరిచాను. మొదటి ట్రే పెట్టాను. ముస్తాబై, సంచీలో నోట్సు సర్దుకుని వచ్చేసరికి టింగ్ మంది. ట్రే తీశాను. రెండోది లోపల పెట్టి టైమర్ తిప్పాను.

చేతిలో వేడి ట్రే. హాల్లోంచి అత్తయ్య గొంతు, “అబ్బాయ్, ఓవెన్ మోగింది, లేవండి, లేవండి.” రోజూ ఇక్కడే పిల్లల కంచాల వైపు తిరుగుతాను. ఇవాళ పై అరలోంచి ఒక కంచం తీసి, ట్రే మొత్తం అందులోకి వంపాను. ఉప్పు, మిరియాలపొడి చల్లాను. నిమ్మచెక్క పిండాను. ఫ్యాన్ కింద ఆయన కుర్చీ దగ్గరగా ఉంది. అందులో కూర్చున్నాను. దొంగతనం చేస్తున్నట్టుంది. ఒక బెండకాయ నోట్లో పెట్టుకున్నాను. నాలుక కాలింది. కొరికాను.

ఆ చప్పుడు పళ్ళ నుంచి చెవుల్లోకి లోపలి దారినే పోయింది. వంటింటి గోడకి ఆనుకుని విన్న చప్పుడు కాదిది. దీనికి కారం ఉంది, పులుపుంది, చివర్న కొంచెం తీపి కూడా ఉంది. నెల రోజులుగా ఇవి చేస్తున్నాను, పుస్తకం నిండా రాస్తున్నాను. కరకరలాడే బెండకాయ ఎలా ఉంటుందో నాకిప్పటిదాకా తెలీదు!

అత్తయ్య గుమ్మంలో ఆగిపోయారు. “అదేమిటమ్మాయ్? ఇంకా వాళ్ళెవరూ తినందే...”

“ఇవి ఆగవు అత్తయ్యా. చల్లారితే బాగుండవు” అన్నాను, ఇంకోటి తీసుకుంటూ.

ఆయన పేపరు పట్టుకునే వచ్చారు. నా మొహం చూశారు, కంచం చూశారు, నేను కట్టుకున్న చీర చూశారు, కుర్చీ కాళ్ళ దగ్గర సంచీ చూశారు. “మరి మాకు?”

“రెండో ట్రే లోపలుంది. పద్దెనిమిది నిమిషాలు. టింగ్ అనగానే తియ్యాలి. ఉప్పు తర్వాత వెయ్యాలి.”

“ఎవరు తీస్తారు?”

“నేను చెప్తా నాన్నా, నాకు తెలుసు. నువ్వు గుడ్డ పట్టుకో చాలు” అన్నాడు ఆత్రేయ, పీట లాక్కుంటూ.

నిదానంగా తిన్నాను. పిల్లలు చెయ్యి చాపితే చెరో రెండు ఇచ్చాను. ఆఖరి బీట్‌రూట్ ముక్క మాత్రం నేనే తిన్నాను. చెయ్యి కడుక్కుని, గళ్ళ పుస్తకం ఫ్రిజ్ మీద అందరికీ కనబడేలా పెట్టి, సంచీ భుజానికి తగిలించుకున్నాను.

“నిన్న ఏం చెప్పాను నీకు?” అన్నారు ఆయన. గొంతు ఇప్పుడు మెత్తగా లేదు.

“విన్నానండీ” అన్నాను. “ల్యాబ్‌లో ఏడు సీసాలున్నాయి. అవయ్యేదాకా రోజూ వెళ్తాను. తర్వాత కూడా వెళ్తాను.”

ఇంకా ఏదో అంటున్నారు. చెప్పులు వేసుకున్నాను. తలుపు గొళ్ళెం రెండోసారికి గానీ అందలేదు. మాది మూడో అంతస్తు. మెట్లు దిగుతూ రెండో అంతస్తు దాకా వచ్చేసరికి, పైన తెరిచి ఉన్న తలుపులోంచి ఓవెన్ టింగ్ మంది. కాళ్ళు ఠక్కున ఆగిపోయాయి. ఎవరైనా తీశారో లేదో. మాడిపోతాయేమో. పిల్లాడు చెయ్యి కాల్చుకుంటాడేమో. వెనక్కి తిరగడానికి కమ్మీ మీద చెయ్యి కూడా వేశాను. “గుడ్డతో నాన్నా, గుడ్డతో!” అని పైన ఆత్రేయ కేక వినిపించింది. నాలుక మీద కాలినచోట ఇంకా చురుక్కుమంటోంది. మిగిలిన మెట్లు దిగాను.